ఇనుప గుగ్గిళ్ళ అలమర: ఆపరేటర్ల పుస్తకాల్లో వింతలు, విశేషాలు

ఫంక్షనల్ ఎనాలిసిస్, ఆపరేటర్ ఆల్జీబ్రా. ఈ రెండు పేర్లు వింటే ఎమ్మెస్సీ మ్యాథ్స్ చదివినవాళ్ళలో కూడా సగం మంది మాట మారుస్తారు. నిజానికి ఇంటర్‌లో మాత్రికలు చదివిన ప్రతివాళ్ళూ వీటి మొదటి మెట్టు ఎక్కినవాళ్ళే. మాత్రిక ఒక సదిశను తీసుకుని ఇంకో సదిశను ఇస్తుంది. ఆ సదిశకు మూడు నాలుగు అంకెలు కాకుండా అంతులేనన్ని అంకెలు ఉంటే మాత్రిక స్థానంలో ఆపరేటర్ వస్తుంది. ఆపరేటర్లు పనిచేసే అనంత పరిమాణ స్థలాల సంగతి చూసేది ఫంక్షనల్ ఎనాలిసిస్. ఆపరేటర్లను గుంపులుగా చేర్చి, కూడికలు గుణకారాలు చేసి, ఆ గుంపుల స్వభావం తేల్చేది ఆపరేటర్ ఆల్జీబ్రా.

ఈ విద్య పుస్తకాలు ఇనుప గుగ్గిళ్ళేనని పేరుపడ్డాయి. కానీ వాటి పుట్టుక, బరువు, ఆలస్యాలు, పందేలు చూస్తే మంచి కాలక్షేపం. ఒక్కటి గమనించండి: ఇక్కడ రికార్డులు ఎక్కువగా దక్కింది అన్నిటికీ జవాబు చెప్పిన పుస్తకాలకు కాదు, తరవాతివాళ్ళను కుదురుగా కూర్చోనివ్వని ప్రశ్న మిగిల్చిన పుస్తకాలకే.

ఒకే ఏడు, మూడు పునాదిరాళ్ళు

1932కు ఈ రంగంలో సాటి వచ్చే సంవత్సరం లేదు. ఆ ఏడు వార్సాలో స్తెఫాన్ బనాక్ ఫ్రెంచిలో రాసిన లీనియర్ ఆపరేషన్ల గ్రంథం వెలువడింది. బెర్లిన్‌లో జాన్ ఫాన్ నాయ్‌మన్ జర్మన్‌లో రాసిన క్వాంటం మెకానిక్స్ గణిత పునాదుల గ్రంథం వచ్చింది. అమెరికాలో మార్షల్ స్టోన్ హిల్బర్ట్ స్థలం మీద ఇంగ్లీషులో ఆరు వందల పేజీలు దాటిన పుస్తకం తెచ్చాడు. మూడు దేశాలు, మూడు భాషలు, ఒకే ఏడు. అప్పటికి బనాక్‌కు నలభై. మిగతా ఇద్దరికీ ముప్ఫై నిండలేదు.

అంత తొందర ఎందుకొచ్చిందో చిన్న లెక్కతో చూడవచ్చు. క్వాంటం మెకానిక్స్‌లో స్థానం, ద్రవ్యవేగం అనే రెండు రాశులను ఏ వరుసలో గుణిస్తున్నామన్నది ముఖ్యం. ఒక వరుసలో గుణించిన ఫలితం నుంచి రెండో వరుస ఫలితం తీసేస్తే, ఒక స్థిరాంకం గుణకంగా ఉన్న యూనిట్ మాత్రిక మిగలాలి. మామూలు మాత్రికలతో ఇది కుదరదు. రెండు మాత్రికలను ఏ వరుసలో గుణించినా కర్ణం మీది అంకెల మొత్తం ఒకటే కాబట్టి, తీసివేతలో ఆ మొత్తం సున్నా అవుతుంది. యూనిట్ మాత్రిక కర్ణం మొత్తం సున్నా కాదు. అనంత పరిమాణాలకు వెళితే తప్ప భౌతికశాస్త్రం ముందుకు కదలని పరిస్థితి అది.

మద్రాసులో ముగిసిన ప్రయాణం

ఆ ముగ్గురిలో స్టోన్‌ది పెద్దింటి పుట్టుక. తండ్రి హార్లన్ స్టోన్ అమెరికా సుప్రీంకోర్టు ప్రధాన న్యాయమూర్తిగా పనిచేశాడు. కొడుకు కోర్టు గుమ్మం తొక్కకుండా గణితం పట్టాడు. దేశాలు తిరగడమంటే స్టోన్‌కు మహా ఇష్టం. కాలికి బలపం కట్టుకుని తిరిగిన ఆ మనిషి చివరికి కన్నుమూసింది మన మద్రాసులోనే, 1989 జనవరిలో.

మూడు దశాబ్దాలు ఎవరూ చెవిన పెట్టని ఆక్షేపణ

క్వాంటం మెకానిక్స్ వెనక కంటికి కనిపించని మరో లెక్క దాగి ఉండే వీలు లేదని ఫాన్ నాయ్‌మన్ తన 1932 పుస్తకంలో ఒక వాదం చేశాడు. అంత పెద్దవాడు చెప్పాక తిరుగేముందని లోకం ఊరుకుంది. ఎమ్మీ నోథర్ శిష్యురాలు గ్రేటె హెర్మాన్ మాత్రం 1935లోనే ఆ వాదంలో ఒక మెట్టు నిలబడదని రాసింది. ఎవరూ పట్టించుకోలేదు. 1966లో భౌతికవేత్త జాన్ బెల్ అదే చోట వేలు పెట్టాకే అందరూ అటు తిరిగి చూశారు. ఆ వాదాన్ని ఎలా అర్థం చేసుకోవాలన్న చర్చ ఇప్పటికీ సాగుతోంది.

కాఫీ హోటల్లో రాసిన పుస్తకం

అప్పట్లో పోలండ్‌లో ఉన్న ల్వూఫ్ నగరం ఇప్పుడు ఉక్రెయిన్‌లోని ల్వీవ్. అక్కడ స్కాటిష్ కెఫేలో బనాక్, స్తనిస్లావ్ మజూర్, స్తనిస్లావ్ ఉలామ్, హ్యూగో స్టైన్‌హౌస్ వంటివాళ్ళు గంటల తరబడి కూర్చునేవారు. భోజనాలకు మాత్రమే లేస్తూ ఒకసారి పదిహేడు గంటలు చర్చించారట. ఆ సంగతి ఉలామ్ రాసిపెట్టాడు. లెక్కలు వేసేది పాలరాతి బల్లల మీద, పెన్సిల్‌తో. మర్నాడు బల్ల తుడిస్తే రాత్రి కనిపెట్టినదంతా గుడ్డకు అంటుకుపోయేది.

ఇలా లాభం లేదని 1935లో బనాక్ భార్య లూచియా ఒక లావుపాటి నోటుపుస్తకం కొనిచ్చింది. అది హోటల్ వాళ్ళ దగ్గరే ఉండేది. అడిగితే వెయిటర్ తెచ్చిపెట్టేవాడు. ఒక పక్క ప్రశ్న రాస్తే, రెండో పక్క జవాబు కోసం ఖాళీ వదిలేవారు. 1935 జూలై 17న మొదటి ప్రశ్న పడింది. 1941 మే 31న అగ్గిపెట్టెలోని పుల్లల గురించి స్టైన్‌హౌస్ రాసినది చివరిది. మొత్తం 193 ప్రశ్నలు.

ఆ తరవాత నెల తిరక్కుండా జర్మన్ సైన్యం ఊళ్ళోకి దిగింది. ఆక్రమణ కాలంలో బనాక్ పొట్టపోసుకున్నది టైఫస్ టీకా తయారుచేసే సంస్థలో, పేలకు తన రక్తం తాగించే పని చేసి. 1945 ఆగస్టులో ఆయన పోయాక లూచియా నోటుపుస్తకాన్ని కాపాడి వ్రోత్స్వాఫ్‌కు తీసుకెళ్ళింది. 1957లో ఉలామ్ దాన్ని ఇంగ్లీషులోకి మార్చి, లాస్ అలమోస్ నుంచి సైక్లోస్టైల్ ప్రతులు పంచాడు. 1981లో వ్యాఖ్యలతో అచ్చు పుస్తకంగా వచ్చింది. హోటల్ బల్ల మీద మొదలై ప్రామాణిక గ్రంథమైనది గణితంలో బహుశా ఇదొక్కటే.

బహుమతుల జాబితా

ఆ నోటుపుస్తకంలో కొన్ని ప్రశ్నల పక్కన బహుమతులు కూడా రాసి ఉంటాయి. ఒకచోట అయిదు చిన్న గ్లాసుల బీరు, ఒకచోట వైన్ సీసా, ఇంకోచోట జెనీవాలో ఫాండ్యూ విందు. ఫాన్ నాయ్‌మన్ రాసిన ప్రశ్నకు బహుమతి ఒక విస్కీ సీసా, దాని పరిమాణం సున్నా కన్నా ఎక్కువ ఉంటుందన్న హామీతో సహా.

అన్నిటికన్నా పేరుపడ్డది 153వ ప్రశ్న. 1936 నవంబరు 6న మజూర్ రాశాడు. బహుమతి: బతికున్న పెద్దబాతు. ప్రశ్న చూడడానికి మామూలుగానే ఉంటుంది. రెండు చరాలున్న అవిచ్ఛిన్న ప్రమేయాన్ని అదే ప్రమేయం నుంచి తీసుకున్న కొన్ని ముక్కల కలయికతో కావలసినంత దగ్గరగా పట్టుకోవచ్చా? బనాక్ స్థలాలన్నిటికీ సంబంధించిన ఒక పెద్ద సమస్యే ఇక్కడ వేషం మార్చుకుందని ఫ్రాన్స్‌లో అలెగ్జాండర్ గ్రోతెన్‌డీక్ తరవాత తేల్చాడు.

1972లో స్వీడన్ యువకుడు పెర్ ఎన్‌ఫ్లో ‘పట్టుకోలేం’ అని నిరూపించాడు. ఆ ఏడే వార్సాలో మజూర్ మాట నిలబెట్టుకున్నాడు. బుట్టలో బాతును పెట్టి ఎన్‌ఫ్లో చేతికిచ్చాడు. ఆ వేడుకను పోలండ్ అంతటా ప్రసారం చేశారు. ప్రశ్నకు బహుమతికి మధ్య ముప్ఫై ఆరేళ్ళు, ఒక ప్రపంచ యుద్ధం, మారిన సరిహద్దులు. అచ్చులో జవాబు తొమ్మిది పేజీలు.

వేచి ఉండడంలో రికార్డు

అదే ఎన్‌ఫ్లో ఇంకో సమస్య మీద (దాని సంగతి చివర్లో) రాసిన వ్యాసానికి నూరు పేజీలు పట్టాయి. దాన్ని 1981లో పత్రికకు పంపాడు, అచ్చయ్యేసరికి 1987. సరిచూసేవాళ్ళు చెమటోడ్చారు మరి. ఈలోగా ఇంగ్లండ్‌కు చెందిన చార్లెస్ రీడ్ రాసిన మరో పరిష్కారం 1984లోనే అచ్చయిపోయింది. ఎన్‌ఫ్లో గణితవేత్తే కాదు, కచేరీలు చేసే పియానో విద్వాంసుడు కూడా.

అన్నిటికన్నా లావైనది

నెల్సన్ డన్‌ఫర్డ్, జేకబ్ శ్వార్‌ట్స్ కలిసి రాసిన ‘లీనియర్ ఆపరేటర్స్’ మూడు భాగాలు 1958, 1963, 1971లలో వచ్చాయి. పేజీల అంకెలు మూడింటికీ కలిపి వరుసగా సాగుతాయి. మొదటి భాగం 858తో ఆగితే రెండోది 859తో మొదలవుతుంది. మూడోది 2,592 దాకా పోతుంది. ఇల్లు మారేటప్పుడు ఈ మూడింటినీ ఒకే అట్టపెట్టెలో సర్దేవాళ్ళు ఇంకోసారి ఆలోచించుకోవాలి. దీని వెనక యేల్ విశ్వవిద్యాలయంలో ఒక దండే పనిచేసింది. తరవాతి రోజుల్లో గణిత వ్యాసకర్తగా పేరు తెచ్చుకున్న జాన్‌కార్లో రోటా కుర్రతనంలో ఆ దండులో ఉన్నవాడే. 1981లో అమెరికన్ మ్యాథమెటికల్ సొసైటీ ఈ గ్రంథానికి స్టీల్ బహుమతి ఇచ్చింది. అప్పటికి శ్వార్‌ట్స్ వేరే లోకంలో ఉన్నాడు. న్యూయార్క్ విశ్వవిద్యాలయంలో కంప్యూటర్ సైన్స్ విభాగాన్ని స్థాపించి, ప్రోగ్రామింగ్ భాషలు తయారుచేసే పనిలో పడ్డాడు.

సన్ననిది

విలియమ్ ఆర్వెసన్ 1976లో రాసిన ‘యాన్ ఇన్విటేషన్ టు సీ-స్టార్ ఆల్జీబ్రాస్’ నూరు పేజీలను కాస్త దాటుతుంది, అధ్యాయాలు నాలుగే. పేరుకు తగ్గట్టు ఆహ్వానపత్రికంత పలుచన. సన్నగా ఉంది కదా అని తేలిగ్గా తీసుకోకూడదు. ఒక్కో పేజీకి ఒక సాయంత్రం పోవడం మామూలే.

మూడుకు ముందు నాలుగు

భౌతికశాస్త్రం వైపు నుంచి వచ్చేవాళ్ళు మైకేల్ రీడ్, బ్యారీ సైమన్ రాసిన నాలుగు సంపుటాలను ఆశ్రయిస్తారు. మొదటి సంపుటం 1972, రెండోది 1975. ఆ తరవాత 1978లో వచ్చింది నాలుగోది. మూడోది 1979లో గానీ రాలేదు. సైమన్ అక్కడితో ఆగలేదు. 2015లో ఎనాలిసిస్ మొత్తాన్ని అయిదు పుస్తకాల్లో, మూడు వేల పేజీలకు పైగా, ఒక్కడే రాసి విడుదల చేశాడు.

మొదటి సంపుటం కొన్నవాళ్ళు రిటైరయ్యే వేళకు రెండోది

జపాన్‌లో పుట్టి అమెరికాలో స్థిరపడిన మసమిచి టకేసాకి ‘థియరీ ఆఫ్ ఆపరేటర్ ఆల్జీబ్రాస్’ మొదటి సంపుటం 1979లో తెచ్చాడు. రెండు, మూడు సంపుటాల మీద ఉన్న సంవత్సరం 2003. ఇరవై నాలుగేళ్ళ ఎడం. ఈలోగా ఆ రంగమే రూపు మారింది. అవి చదవక తప్పని పుస్తకాలయ్యాయి కాబట్టి, ఆలస్యానికి ఎవరూ నొచ్చుకోలేదు.

జవాబులకే రెండు సంపుటాలు

రిచర్డ్ కాడిసన్, జాన్ రింగ్‌రోజ్ 1983, 1986లలో రెండు సంపుటాల పాఠ్యగ్రంథం రాశారు. ఒక్కో అధ్యాయం చివర చేంతాడంత లెక్కల జాబితా. చాలామంది రచయితలు లెక్కలిచ్చి చేతులు దులుపుకుంటారు. వీళ్ళు అలా చేయలేదు. 1991, 1992లలో మూడో సంపుటం, నాలుగో సంపుటం తెచ్చి, ఇచ్చిన ప్రతి లెక్కకూ పూర్తి పరిష్కారం రాశారు. ఒంటరిగా చదువుకునేవాళ్ళకు ఇంతకన్నా ఉపకారం లేదు. కాడిసన్ మంచి జిమ్నాస్ట్ కూడా. రింగుల మీద ఆయన విన్యాసాలకు 1952 అమెరికా ఒలింపిక్ జట్టులో చోటు దక్కింది. దెబ్బ తగలడంతో తప్పుకోవలసి వచ్చింది.

లెక్కలే పుస్తకమైన వేళ

పాల్ హల్మోష్ 1967లో తెచ్చిన ‘ఏ హిల్బర్ట్ స్పేస్ ప్రాబ్లెమ్ బుక్’లో పాఠం కన్నా ప్రశ్నే ముఖ్యం. మొదట ప్రశ్నలన్నీ, తరవాత సూచనలన్నీ, ఆ పైన పరిష్కారాలన్నీ ఉంటాయి. జవాబు కోసం పేజీ తిప్పినవాడు ముందు సూచన దగ్గర ఆగుతాడు. తొలి కూర్పులో 199 ప్రశ్నలు. 1982 కూర్పులో తొమ్మిది తీసేసి అరవై చేర్చాడు. ఇప్పుడు సరిగ్గా 250.

ఈ పుస్తకంలో కథానాయకుడు అనదగ్గ ఆపరేటర్ ఒకటుంది, యూనిలేటరల్ షిఫ్ట్. అది చేసే పని చాలా చిన్నది. 5, 7, 2 అంటూ అంతులేకుండా సాగే వరుసను ఇస్తే, ముందు ఒక సున్నా పెట్టి అన్నిటినీ ఒక గడి పక్కకు జరుపుతుంది: 0, 5, 7, 2… ఏ అంకే పోలేదు, వరుస పొడవు మారలేదు. అయినా మొదటి గడిలో సున్నా లేని వరుస ఏదీ దీని ఫలితంగా రాదు. నాలుగు గడులో నలభై గడులో ఉన్నచోట ఇది జరగదు. అక్కడ ఏదీ పోగొట్టని మాత్రిక అన్నిటినీ అందుకుని తీరుతుంది. అనంతానికీ అంతమున్నదానికీ తేడా ఈ ఒక్క జరుపుడులో బయటపడుతుంది. నిరూపణ ముగిసిందని చెప్పడానికి పెట్టే చిన్న చతురస్రాన్ని గణితంలో వాడుకలోకి తెచ్చింది కూడా హల్మోషే.

రైల్లో చదివిన పుస్తకం

మినోరు టొమిటాకు పసితనంలోనే వినికిడి పోయింది. ఆపరేటర్ ఆల్జీబ్రాలో ఎవరూ ఊహించని ఒక సిద్ధాంతం కనిపెట్టి, 1967లో అమెరికాలోని బాటన్‌రూజ్ సదస్సుకు రాతప్రతి పంపాడు. అది అర్థం చేసుకోవడం కొరకరాని కొయ్య అయింది. టకేసాకి పట్టు వదలకుండా దాన్ని పరిష్కరించి, 1970లో పలుచటి పాఠాల పుస్తకంగా అచ్చు వేయించాడు.

మరుసటి ఏడు ఫ్రెంచి కుర్రాడు అలన్ కాన్ సియాటిల్‌లో ఒక వేసవి సదస్సుకు బయలుదేరాడు. దారిలో ప్రిన్‌స్టన్‌లో పుస్తకాల షాపుకు వెళ్ళి చేతికందిన పుస్తకం ఒకటి కొన్నాడు. అది టకేసాకిదే. అమెరికాను అడ్డంగా దాటే రైల్లో చదువుతూ పోయాడు. తీరా వెళ్ళి చూస్తే సదస్సులో పాఠం చెప్పేది టకేసాకి. ఇక వేరే ఉపన్యాసాలు వద్దనుకుని అక్కడే కూర్చున్నాడు. 1973లో వచ్చిన కాన్ సిద్ధాంత గ్రంథం ఆ పుస్తకం మీదే నిలబడింది. 1982 ఫీల్డ్స్ పతకం దాకా దారి తీసింది. పోలండ్‌లో సైనిక పాలన రావడంతో ఆ పతకాల సభ ఏడాది వాయిదా పడి, 1983లో వార్సాలో జరిగింది. ఏ పుస్తకం ఎవరి చేతికి ఎప్పుడు చిక్కుతుందో ఎవరికి తెలుసు!

పన్నెండేళ్ళు నిద్రపోయిన వ్యాసం

గ్రోతెన్‌డీక్‌ను ఆల్జీబ్రాయిక్ జామెట్రీకి పెద్దదిక్కుగా అందరూ ఎరుగుదురు. ఆయన మొదటి ఇల్లు మాత్రం ఫంక్షనల్ ఎనాలిసిస్. నాన్సీలో గురువులు లారాన్ శ్వార్‌ట్స్, జాఁ ద్యోదొనే తమకు లొంగని పద్నాలుగు ప్రశ్నల జాబితా చేతిలో పెడితే, అన్నిటినీ తేల్చి పారేశాడు. ఏ దేశ పౌరసత్వమూ లేని ఆ కుర్రాడికి ఫ్రాన్స్‌లో ఉద్యోగం దొరక్క బ్రెజిల్ వెళ్ళాడు. అక్కడ రాసిన వ్యాసాన్ని సావో పాలో గణిత సంఘం పత్రిక 1956లో అచ్చువేసింది. ఆ పత్రిక చూసేవాళ్ళు కొద్దిమంది, చూసి అర్థం చేసుకున్నవాళ్ళు ఇంకా తక్కువ. 1968లో లిండెన్‌స్ట్రాస్, పెవ్‌చిన్‌స్కీ తేటగా విప్పి చెప్పాకే దాని విలువ తెలిసింది. వాళ్ళ వ్యాసం వచ్చిన ‘స్టూడియా మ్యాథమెటికా’ 1929లో బనాక్, స్టైన్‌హౌస్ ల్వూఫ్‌లో మొదలుపెట్టిన పత్రికే.

ఆ వ్యాసంలోని అసమానతలో గ్రోతెన్‌డీక్ స్థిరాంకం అని ఒక సంఖ్య ఉంది. వాస్తవ సంఖ్యల విషయంలో అది 1.67కూ 1.79కూ మధ్య ఉందని తెలుసు. కచ్చితంగా ఎంతో ఈనాటికీ తేలలేదు.

ముద్దుపేర్లు, పేర్ల తికమక

వాల్టర్ రూడిన్ మూడు పాఠ్యపుస్తకాలు 1953, 1966, 1973లలో వచ్చాయి. విద్యార్థులు వాటిని బేబీ రూడిన్, పాపా రూడిన్, గ్రాండ్‌పా రూడిన్ అంటారు. ఫంక్షనల్ ఎనాలిసిస్ పుస్తకమే తాతగారు. ఈ వంశంలో మనవడు ముందు పుట్టాడు.

‘ఏ కోర్స్ ఇన్ ఫంక్షనల్ ఎనాలిసిస్’ రాసిన జాన్ కాన్వే వేరు, ‘గేమ్ ఆఫ్ లైఫ్’ కనిపెట్టిన జాన్ కాన్వే వేరు. శ్వార్‌ట్స్‌ల విషయం ఇంకా ముదురు. లావుపాటి పుస్తకం రాసిన జేకబ్ ఒకరు, డిస్ట్రిబ్యూషన్ల సిద్ధాంతానికి ఫీల్డ్స్ పతకం పొందిన లారాన్ ఇంకొకరు, కోషీతో పాటు అసమానతకు పేరిచ్చిన హెర్మాన్ శ్వార్జ్ మూడోవాడు. రీస్ అని కనిపిస్తే అన్న ఫ్రిజెషా, తమ్ముడు మార్సెలా అని చూసుకోవాలి. ఇద్దరూ కలిసి నిరూపించిన సిద్ధాంతం కూడా ఒకటుంది.

మన వైపు నుంచి

మచిలీపట్నంలో 1920లో పుట్టిన కొమరవోలు చంద్రశేఖరన్ ప్రిన్‌స్టన్‌లో హెర్మాన్ వైల్ దగ్గర పనిచేసి వచ్చి, బొంబాయి టాటా ఇన్‌స్టిట్యూట్‌లో గణిత శాఖను నిలబెట్టాడు. ప్రపంచం నలుమూలల నుంచి పెద్దలను పిలిపించి పాఠాలు చెప్పించి, వాటిని పుస్తకాలుగా వేయించిన సంప్రదాయం ఆయన హయాంలో వేళ్ళూనింది. ఫంక్షనల్ ఎనాలిసిస్ గ్రంథకర్త కొసాకు యోసిదా సెమీగ్రూపుల పాఠాలు ఆ వరుసలో 1957లో వచ్చాయి.

చంద్రశేఖరన్‌తో కలిసి 1952లో ‘టిపికల్ మీన్స్’ రాసిన సుబ్బరామయ్య మీనాక్షిసుందరం వాల్తేరులో ఆంధ్ర విశ్వవిద్యాలయం ఆచార్యుడు. స్వీడన్‌కు చెందిన ప్లేయెల్‌తో కలిసి ఆయన 1949లో అచ్చువేసిన వ్యాసం లాప్లాస్ ఆపరేటర్ స్పెక్ట్రమ్‌కూ, అది ఉన్న వక్ర స్థలం ఆకారానికీ ముడి వేసింది. ఆ ఇద్దరి పేర్లు జంటగా నేటికీ పాఠ్యపుస్తకాల్లో కనిపిస్తాయి.

ఆంధ్రలో నిమ్మగడ్డలో పుట్టి, కాలిఫోర్నియాలోని రివర్‌సైడ్‌లో ఆచార్యుడైన మాలెంపాటి మధుసూదనరావు 1991లో చైనా గణితవేత్త రెన్‌తో కలిసి ‘థియరీ ఆఫ్ ఓర్లిచ్ స్పేసెస్’ రాశాడు. స్కాటిష్ కెఫే నోటుపుస్తకంలో ప్రశ్నలు రాసిన వ్లాదిస్లావ్ ఓర్లిచ్ పేరు మీదివే ఆ స్థలాలు.

బయటివాళ్ళు విప్పిన ముళ్ళు

కాడిసన్, ఇసడోర్ సింగర్ 1959లో ఒక వ్యాసంలో వదిలిన ప్రశ్న యాభై నాలుగేళ్ళు అలాగే ఉంది. 2013లో దాన్ని విప్పిన మార్కస్, స్పీల్‌మన్, నిఖిల్ శ్రీవాస్తవ కంప్యూటర్ సైన్స్ దారిలో వచ్చారు. గ్రాఫులను పలుచన చేసే పద్ధతులు వెతుకుతూ ఇక్కడ తేలారు. 1976లో కాన్ తన వ్యాసంలో మాటవరసకు అన్నట్టు వదిలిన ఎంబెడింగ్ ప్రశ్నకు 2020 జనవరిలో అయిదుగురు కంప్యూటర్ శాస్త్రజ్ఞులు ‘కాదు’ అన్న జవాబు ప్రకటించారు. రెండు వందల పేజీలు దాటిన ఆ నిరూపణకు తెచ్చిన సామగ్రి క్వాంటం కంప్యూటర్లదీ, ప్రశ్నించి నిజం రాబట్టే ఆటలదీ.

వాన్ జోన్స్ కథ దీనికి తిరగేసిన దారి. ఫాన్ నాయ్‌మన్ ఆల్జీబ్రాల లోపలి పొరలు లెక్కిస్తూ, 1984లో తాడు ముడులను వేరుచేసి గుర్తించే కొత్త బహుపదిని పట్టుకున్నాడు. 1990లో క్యోటోలో ఫీల్డ్స్ పతకం అందుకున్నప్పుడు ఉపన్యాసానికి న్యూజిలాండ్ రగ్బీ జట్టు జెర్సీ వేసుకొచ్చాడు. సబ్‌ఫాక్టర్ల మీద 1997లో ఆయనతో కలిసి పుస్తకం రాసింది చెన్నై గణిత శాస్త్ర సంస్థకు చెందిన వి. ఎస్. సుందర్.

జేబు బరువు తగ్గించనివి

వీటి విదేశీ కూర్పుల ధర చూస్తే గుండె జారుతుంది. అదృష్టవశాత్తు కాన్ రాసిన ‘నాన్‌కమ్యుటేటివ్ జామెట్రీ’ని, జోన్స్ రాసిన ఫాన్ నాయ్‌మన్ ఆల్జీబ్రాల పాఠాలను రచయితలే ఉచితంగా చదువుకోనిచ్చారు. టాటా ఇన్‌స్టిట్యూట్ పాఠాలూ అంతే. మన దేశంలో అచ్చయినవాటిలో బి. వి. లిమయే పుస్తకం, రాజేంద్ర భాటియా నోట్స్, ఎస్. కేశవన్ పుస్తకం మొదటి మెట్టుకు చక్కగా సరిపోతాయి. 1963లో సిమ్మన్స్ రాసిన టోపాలజీ, ఆధునిక ఎనాలిసిస్ పుస్తకం మన విశ్వవిద్యాలయాల్లో తరాల తరబడి చేతులు మారుతోంది. దాని చివరి భాగం పేరే ‘ఆపరేటర్ల ఆల్జీబ్రాలు’. చాలా సిలబస్‌లు అక్కడిదాకా వెళ్ళకుండానే ఆగిపోతాయి గానీ, అసలు రుచి మొదలయ్యేది అక్కడే.

ఇంకా ఎవరి పేరూ ఎక్కని గడి

ఎన్‌ఫ్లో నూరు పేజీల వ్యాసం ఏ సమస్య మీద రాశాడో దాని సగం ఇప్పటికీ తేలలేదు. రెండుకు తక్కువ కాని పరిమాణాలున్న స్థలంలో, సంకీర్ణ సంఖ్యలతో రాసిన ఏ మాత్రికైనా కనీసం ఒక దిశను ఆ దిశలోనే ఉంచుతుంది. అనంత పరిమాణాల్లో ఇలా ఏ ఆపరేటరైనా ఒక చిన్న ఉపస్థలాన్ని దాని హద్దుల్లోనే ఉంచుతుందా? ఎన్‌ఫ్లో, రీడ్ కట్టిన బనాక్ స్థలాల్లో ఏ హద్దుకూ లొంగని ఆపరేటర్లు ఉన్నాయి. అందుకు విరుద్ధంగా, ప్రతి ఆపరేటర్‌కూ అలాంటి ఉపస్థలం ఉండి తీరే ఒక విచిత్ర బనాక్ స్థలాన్ని ఆర్గిరోస్, హేడన్ 2011లో చూపించారు. అన్నిటిలోకీ సుపరిచితమైన హిల్బర్ట్ స్థలం విషయంలో మాత్రం అవునో కాదో తెలియదు. తేల్చేశామన్న ప్రకటనలు అప్పుడప్పుడు వచ్చాయి, నిపుణుల పరీక్షకు నిలబడి అంగీకారం పొందినది లేదు. ప్రశ్న అర్థం చేసుకోవడానికి ఎమ్మెస్సీ పాఠం చాలు. జవాబు మాత్రం పైన చెప్పుకున్న పుస్తకాల్లో ఏ పేజీలోనూ లేదు.